మేకుల్లేని పడవలూ, సూదంటురాయి కొండా

అరేబియన్ నైట్స్ అనగానే మనలో చాలామందికి అలీబాబా, అల్లావుద్దీన్, సింద్‌బాద్... ఈ ముగ్గురే గుర్తొస్తారు. (వీళ్ళలో మొదటి ఇద్దరి కథలూ పాత అరబ్బీ ప్రతుల్లో లేనే లేవు. 18వ శతాబ్దంలో గలాన్ అనే ఫ్రెంచి అనువాదకుడు చేర్చినవి. అది వేరే గొడవ.) నాకు మాత్రం ఆ కథలన్నిటిలోనూ వెన్నులో చలి పుట్టించిన చోటు ఒకటే. అలీబాబా గుహ కాదు, మూడో ఫకీరు తన కథలో చెప్పే నల్లకొండ.

కథ తెలియనివాళ్ళ కోసం కొంచెం చెప్తాను. అజీబ్ అని ఒక రాజు. ఓడ ప్రయాణాలంటే పిచ్చి. ఒకసారి నడిసముద్రంలో దారి తప్పుతారు. తెరచాప గుంజ మీంచి చూసినవాడు దూరంగా ఏదో నల్లగా కనిపిస్తోందని చెప్తాడు. వెంటనే సరంగు తలపాగా తీసి నేలకేసి కొట్టి, గడ్డం పీక్కుని ఏడుస్తాడు. రేపటికల్లా సూదంటురాయి కొండ దగ్గరికి చేరతాం, ఓడలో ఉన్న మేకులన్నీ ఊడి ఎగిరి ఆ కొండకి అతుక్కుంటాయి, ఓడ పలకలుపలకలుగా విడిపోతుంది అంటాడు. మర్నాడు సరిగ్గా అలాగే అవుతుంది. కొండ శిఖరం మీద ఇత్తడి గుమ్మటం, గుమ్మటం మీద ఇత్తడి గుర్రం, గుర్రం మీద ఇత్తడి రౌతు. వాడి గుండెల మీద మంత్రాలు చెక్కిన సీసపు పలక. వాడు గుర్రం మీద ఉన్నంతకాలం అటుగా వచ్చిన ఓడ ఏదీ మిగలదు. అజీబ్ ఒక్కడే బతికి కొండెక్కి, కలలో విన్నట్టే తవ్వి విల్లూ సీసపు బాణాలూ తీసి వాణ్ణి పడగొడతాడు. సముద్రం పొంగి శిఖరం దాకా వస్తుంది. తర్వాత ఒక ఇత్తడి మనిషి పడవ వేసుకుని వస్తాడు... అక్కణ్ణించి కథ ఇంకెటో పోతుంది.

ఏ వీడియో గేములోనైనా ఆఖరి లెవెల్‌కి సరిపోయే చోటు ఇది. ఎవరో మహా కథకుడు ఊహించి కట్టాడనుకుంటాం. కానీ వరస తిరగబడి ఉంది. ఈ కొండ ముందు కథల్లో పుట్టి తర్వాత జనం నమ్మకాల్లోకి వెళ్ళలేదు. ముందు భూగోళ శాస్త్రంలో పుట్టింది, అక్కణ్ణించి కథల్లోకి వెళ్ళింది. ఆ భూగోళ శాస్త్రంలో అది పుట్టిన చోటు హిందూ మహాసముద్రం. పుట్టడానికి కారణం... మన తీరాల్లోని పడవలు!

క్రీస్తుశకం 1వ శతాబ్దంలో రోమన్ పెద్దమనిషి ప్లినీ, సింధు నది దగ్గర రెండు కొండలున్నాయని రాశాడు. ఒకటి ఇనుముని లాగుతుంది, ఇంకొకటి తోసేస్తుంది. చెప్పులకి మేకులున్నవాడు మొదటి కొండ మీద కాలెత్తలేడు, రెండో కొండ మీద కాలు మోపలేడు. ప్లినీ పుస్తకం నిండా ఇలాంటివే కాబట్టి దీన్ని నవ్వేసి వదిలెయ్యొచ్చు. కానీ 2వ శతాబ్దంలో అలెగ్జాండ్రియాకి చెందిన టాలెమీని అలా వదిలెయ్యలేం. అక్షాంశాలూ రేఖాంశాలూ లెక్కకట్టి ఊళ్ళ జాబితాలు వేసినవాడు. ఆయన మన తూర్పు సముద్రంలో మణియోలై అని పది దీవులు చెప్పి, ఇనప మేకులున్న ఓడలు అక్కడ కదలకుండా ఆగిపోతాయంటారనీ, అది బహుశా సూదంటురాయి వల్ల కావచ్చుననీ, అందుకే అక్కడివాళ్ళు పడవల్ని చెక్క మేకులతో బిగిస్తారనీ రాశాడు.

ఆ వాక్యంలో మూడు ముక్కలున్నాయి చూడండి. ఓడలు ఆగిపోతాయి అనేది ఎవరో చెప్పిన మాట. సూదంటురాయి అనేది "బహుశా". ఆఖరిది, అంటే మన సముద్రంలో పడవలకి ఇనప మేకులుండవు అనేది మాత్రం ఈజిప్టు రేవుల్లో నాలుగు రోజులు తిరిగిన ఎవడైనా కళ్ళారా చూడగలిగిన నిజం. ఆ ఒక్క నిజానికి వివరణ కావాల్సొచ్చింది. రోమన్ల లెక్కలో ఓడ అంటే మేకులుండాలి. ఉండాల్సింది లేదంటే దానికేదో అడ్డం ఉండి తీరాలి. ఆ అడ్డమే కొండైంది.

ఇంతకీ ఆ పడవలేమిటి? అప్పట్లో ఆఫ్రికా తూర్పు తీరం నుంచి మన బంగాళాఖాతం దాకా పడవల్ని కుట్టేవాళ్ళు. నిజంగానే కుట్టడం, బట్టల్ని కుట్టినట్టు. పలకల అంచుల వెంబడి వరసగా బెజ్జాలు వేసి, రెండు పలకలు కలిసే చోట పీచో గడ్డో పట్టీలా పరిచి, కొబ్బరి పీచుతాడుతో ఈ బెజ్జంలోంచి ఆ బెజ్జంలోకి లాగి బిగిస్తారు. తాడు తడిసి, కింద పట్టీ ఉబ్బి, కుట్టు ఇంకా బిగుసుకుంటుంది. పైన చేపనూనె పూత. మన కోరమండల్ తీరంలో వీటికి మసూలా పడవలని పేరు (మచిలీపట్నం నుంచి వచ్చిన పేరని కొందరంటారు). చదునైన అడుగు, ఎత్తైన పక్కలు, లోపల పక్కటెముకల్లాంటి చట్రం ఉండదు. చేత్తో నొక్కితే వంగుతాయి. మొదటిసారి చూసిన ఏ యూరోపియనుకైనా ఇది పడవా, బుట్టా అని అనుమానం వచ్చి తీరాలి.

ఆ వంగడమే అసలు కిటుకు. మన తూర్పు తీరానికి సహజమైన రేవులు తక్కువ. విశాఖలాంటి ఒకటి రెండు చోట్లు తప్పిస్తే మిగతాదంతా ఇసక, ఆ ఇసకకి ముందు విరిగిపడే అలల వరస. దాన్ని దాటి ఒడ్డెక్కాలంటే పడవ అడుగు ఇసకకి డబ్బున కొట్టుకుంటుంది, ఒకసారి కాదు, ఎక్కిన ప్రతిసారీ. మేకులు కొట్టిన పడవ బిర్రుగా ఉంటుంది కాబట్టి ఆ దెబ్బకి మేకు దగ్గర చెక్క చీలుతుంది. కుట్టిన పడవ దెబ్బకి వంగి, మళ్ళీ తేరుకుంటుంది. మద్రాసుకి హార్బరు కట్టేదాకా పెద్ద ఓడలు దూరంగా లంగరేసి ఆగితే, మనుషుల్నీ సరుకుల్నీ ఒడ్డుకి చేర్చింది ఈ కుట్టు పడవలే. దొరలూ దొరసానులూ బితుకుబితుకుమంటూ వాటిల్లోనే దిగేవాళ్ళు. ఓడల సొంత పడవలు ఆ అలల్లోకి వచ్చే సాహసం చేసేవి కావు.

బాగుచెయ్యడం కూడా తేలిక. తాడు తెగితే కొత్త తాడు. పలక పోతే కుట్టు విప్పి ఇంకో పలక. సీజను అయ్యాక మొత్తం విప్పేసి మళ్ళీ కుట్టుకోవచ్చు. విడిభాగాలన్నీ కొబ్బరిచెట్టు మీదే కాస్తాయి :-)

ఇప్పుడు ఈ కథలో నాకు బాగా ఇష్టమైన మనిషి దగ్గరికొస్తాను. 6వ శతాబ్దం, బైజాంటియం చరిత్రకారుడు ప్రొకోపియస్. యుద్ధాల చరిత్ర రాస్తూ ఎర్రసముద్రం ప్రస్తావన వచ్చినప్పుడు మధ్యలో ఆగి ఈ సంగతి ఎత్తుకుంటాడు. ఈ సముద్రంలోనూ ఇండియా వైపూ ఓడలకి ఇనప మేకులుండవు, తాళ్ళతో కడతారు. అక్కడ ఇనుముని లాగే రాళ్ళున్నాయి కాబట్టి అని చాలామంది అనుకుంటారు, అది తప్పు. ఎందుకంటే బోలెడంత ఇనుముతో చేసిన రోమన్ ఓడలు అదే సముద్రంలో తిరుగుతున్నాయి, వాటికేమీ కాలేదు. అంతే! రెండు వాక్యాల్లో తేల్చేశాడు. ఒక పరికల్పన, దాన్ని పరీక్షించే ఒక పరిశీలన, ఒక తీర్పు. 6వ శతాబ్దంలో! ఇది చదివి నేను నిజంగా లేచి నిలబడ్డాను.

కానీ తర్వాత వాక్యంలో ఆయనే చతికిలపడ్డాడు. మరి అసలు కారణం ఏమిటయ్యా అంటే, ఇండియన్ల దగ్గరా ఇథియోపియన్ల దగ్గరా ఇనుము లేదు, రోమన్ల దగ్గర కొనుక్కుందామంటే చట్టం ఒప్పుకోదు, అమ్మినవాడికి మరణశిక్ష అంటాడు.

మన దగ్గర ఇనుము లేదట! ఆయనకి 500 ఏళ్ళ ముందే గ్రీకు వ్యాపారి ఒకడు రాసిన పెరిప్లస్ అనే రేవుల గైడులో, ఇండియా నుంచి ఎర్రసముద్రం రేవులకి వచ్చే సరుకుల్లో ఇనుమూ ఉక్కూ ఉన్నాయి. డమాస్కస్ కత్తులు అని ప్రపంచమంతా చెప్పుకున్న కత్తులకి ముడిసరుకు ఇక్కడి ఉక్కే. ఇంగ్లీషువాళ్ళు దాన్ని "వూట్జ్" అని పిలిచారు, మన "ఉక్కు" వాళ్ళ నోట్లో పడి అలా అయ్యిందని చెప్తారు. నిజామాబాద్ జిల్లా కోనసముద్రంలో మూసల్లో ఈ ఉక్కు ఎలా తీస్తారో వాయ్సీ అనే ఆయన రాసిన వర్ణన 1832లో అచ్చయింది. పర్షియా నుంచి వ్యాపారులు అంత దూరం ఆ పల్లెకొచ్చి దగ్గరుండి కొనుక్కుపోయేవాళ్ళు. ఇనుము లేక తాళ్ళు కట్టుకున్నారు అనడం ఎలా ఉందంటే, గుంటూరువాళ్ళు కారం దొరక్క పెరుగన్నం తింటారు అన్నట్టు ఉంది.

నన్నడిగితే మంత్రాల కొండ కన్నా ఈ రెండో వివరణే ఎక్కువ హాని చేసింది. కొండ అబద్ధమని చిన్నపిల్లాడికైనా ఏదో ఒకరోజు తెలుస్తుంది. "పాపం వాళ్ళ దగ్గర లేదు, వాళ్ళకి రాదు" అనేది మాత్రం శాస్త్రీయంగా వినిపిస్తుంది, ఎవరూ తిరిగి పరీక్షించరు. 13వ శతాబ్దం చివర్లో మార్కో పోలో (మన మోటుపల్లి గురించీ, అక్కడి రాణి గురించీ రాసినాయనే) హోర్ముజ్‌లో ఈ కుట్టు ఓడల్ని చూసి, పరమ దరిద్రమైన ఓడలు, చాలా మునిగిపోతాయి అని తేల్చాడు. అయితే వాళ్ళ చెక్క బాగా గట్టిది, మేకు కొడితే కుండలా పగులుతుంది అని కారణం కూడా రాశాడు. కనీసం చెక్కని చూశాడు. 10వ శతాబ్దపు అరబ్బు పండితుడు మసూదీ ఆ సముద్రపు నీళ్ళకి ఇనప మేకులు తుప్పుపట్టి పోతాయన్నాడు. 14వ శతాబ్దంలో ఇబ్న్ బతూతా ఇంకా దగ్గరికొచ్చాడు. ఆ సముద్రంలో రాళ్ళెక్కువ, మేకుల ఓడ రాయికి తగిలితే పగిలిపోతుంది, కుట్టిన ఓడకి సాగే గుణం ఉంది కాబట్టి తట్టుకుంటుంది అన్నాడు. ఆయన ఆ ఓడల్లో నెలల తరబడి తిరిగాడు మరి.

తేడా గమనించారా? ఎక్కి తిరిగినవాడు చెప్పిన కారణం ఒక రకం. ఒడ్డున నిలబడి, లేదా అసలు ఊరు కదలకుండా చెప్పిన కారణం ఇంకో రకం.

మన ఫీల్డులో ఇది రోజూ చూసేదే. నేను పనిచేసిన ఒక చోట పాత కోడులో ఒక ఫంక్షను మొదట్లో మూడు సెకన్ల స్లీపు ఉండేది. దాని మీద టీములో రెండు సిద్ధాంతాలు. పాత సర్వర్‌లో ఏదో భయంకరమైన రేస్ కండిషన్ ఉంది, తీస్తే ప్రొడక్షన్ కూలుతుంది అనేది ఒకటి. రాసినవాడికి కోడింగు రాదు అనేది రెండోది. ఏళ్ళ తరబడి కొత్తగా చేరిన ప్రతివాడికీ మొదటిది భయపెడుతూ, రెండోది నవ్వుతూ చెప్పేవాళ్ళు. ఆఖరికి ఒకమ్మాయి ఆ రాసినాయన్ని పట్టుకుని ఫోన్ చేసి అడిగింది. అవతలి బ్యాంకు వాళ్ళ సిస్టమ్ జవాబివ్వడానికి అంత టైము తీసుకుంటుందని కొలిచి పెట్టాడట. కొండా కాదు, ఇనుము కరువూ కాదు. అవతల అలలున్నాయి, అంతే.

సరే, అసలు విషయానికొద్దాం. తప్పు అవతలివాళ్ళదే అనుకుంటే పొరపాటు. భోజరాజు పేరు మీద చెలామణీ అయ్యే యుక్తికల్పతరువు అనే సంస్కృత గ్రంథంలో ఓడల నిర్మాణం గురించి ఒక భాగం ఉంది. అందులో సముద్రంలో తిరిగే ఓడల పలకల్ని ఇనుముతో బిగించకూడదు, సముద్రంలోని అయస్కాంతాలు లాగేసి ప్రమాదం తెస్తాయి అని నియమం పెట్టారు. రాధాకుముద్ ముఖర్జీ 1912లో ప్రాచీన భారత నౌకల మీద రాసిన పుస్తకంతో ఈ గ్రంథానికి పేరొచ్చింది. కొందరు దీన్ని చూపించి మన పూర్వీకులకి అయస్కాంత శాస్త్రం ఎంత తెలుసో చూడండి అంటారు. నాకు కనిపించేది వేరు. రాసినవాడు పండితుడు. కుట్టినవాడు వడ్రంగి. ఇద్దరూ ఒకే దేశంలో ఉన్నా, మొదటివాడు రెండోవాణ్ణి అడిగినట్టు లేదు. అడిగితే "ఇసకకి కొట్టుకుంటుందండీ" అనే నాలుగు ముక్కలు ఆ శ్లోకంలో చేరేవి. టాలెమీకి అలెగ్జాండ్రియా నుంచి మన ఒడ్డు ఎంత దూరమో, పండితుడికి వడ్రంగి వాడ కూడా అంతే దూరం అనుకోవాలి.

కొండ మాత్రం హాయిగా బతికింది. 12వ శతాబ్దం చివరికి జర్మనీ చేరింది. డ్యూక్ ఎర్న్‌స్ట్ కావ్యంలో వీరుడి ఓడ దానికే అతుక్కుంటుంది. వాళ్ళు ఎద్దు తోళ్ళలో తమని తాము కుట్టించుకుని, గండభేరుండాల్లాంటి పక్షులు ఆ మూటల్ని ఎత్తుకుపోతే బయటపడతారు. (ఇక్కడా కుట్టే కాపాడింది!) 14వ శతాబ్దంలో జాన్ మాండెవిల్ పేరుతో వచ్చిన యాత్రా గ్రంథంలో ఇంకా గొప్ప దృశ్యం ఉంది. దూరం నుంచి చెట్లతో నిండిన దీవి కనిపిస్తుంది, దగ్గరికెళ్ళినవాళ్ళు చెప్పేదేమిటంటే అవి చెట్లు కావు, కొండకి చిక్కుకుపోయిన ఓడల తెరచాప గుంజలు. ఆ మాండెవిల్ అసలు ఊరు దాటాడా అనేది అనుమానమే గానీ, రాయడం మాత్రం వచ్చినవాడు.

ఈలోగా దిక్సూచి వచ్చింది. సూది ఎప్పుడూ ఉత్తరానికే తిరుగుతుంది. ఎందుకు? ఉత్తరాన ఏదో లాగుతోంది కాబట్టి. ఏం లాగుతుంది? ఇంకేముంది, మన పాత కొండే! అలా హిందూ మహాసముద్రంలో ఉద్యోగం పోయిన కొండకి ఉత్తర ధ్రువంలో పోస్టింగు దొరికింది. 1508లో రోమ్‌లో అచ్చయిన రూయిష్ పటంలో ధ్రువం కింద ఎత్తైన సూదంటురాయి కొండ ఉందని రాసి ఉంటుంది. చుట్టుకొలత 33 జర్మన్ మైళ్ళు. 1539లో ఒలాస్ మాగ్నస్ గీసిన ఉత్తర దేశాల పటంలో అయస్కాంత దీవి ఉంది. ఇక 1569లో మెర్కేటర్. అవును, ఇవాళ్టి వెబ్ మ్యాపుల్లో వాడే ప్రొజెక్షన్‌కి తన పేరిచ్చిన మెర్కేటరే. ఆయన ప్రపంచ పటం మూలలో ధ్రువ ప్రాంతాన్ని విడిగా గీసి, నడిమధ్యలో నల్లటి మహాశిల పెట్టాడు. చుట్టూ నాలుగు దీవులు, వాటి మధ్య నాలుగు కాలవలు, సముద్రమంతా ఆ కాలవల్లోంచి లోపలికి దూకి సుడిగుండంలో మాయమవుతుంది. ఒక దీవిలో నాలుగడుగుల మరుగుజ్జులు. అయితే దిక్సూచి లెక్కలు ఆ శిలకి సరిపోవని ఆయనకి తెలుసు. అందుకని అయస్కాంత ధ్రువాన్ని ఇంకోచోట, ఆసియా అమెరికాల మధ్య, విడిగా గుర్తుపెట్టాడు.

ఇంత వివరం ఆయనకెక్కడిది? 1577లో ఆయన జాన్ డీకి రాసిన ఉత్తరంలో చెప్పాడు. 14వ శతాబ్దపు ఇంగ్లీషు సన్యాసి ఒకాయన రాసిన పుస్తకం ఉందట. దాన్ని మెర్కేటర్ చదవలేదు. ఆ సంగతుల్ని క్నోయెన్ అనే ఆయన తన పుస్తకంలో చెప్పాడట, అది చదివాడు. ఆ రెండు పుస్తకాలూ ఇప్పుడు లేవు. కాపీ పేస్టుకి కాపీ పేస్టు, ఒరిజినల్ లింకులు రెండూ డెడ్. అయినా ప్రపంచంలో అందరికన్నా గొప్ప పటకారుడి పటం నడిమధ్యలో కూచుంది.

దాన్ని దింపింది లండన్‌లో దిక్సూచులు తయారుచేసుకునే ఒక పనివాడు. పేరు రాబర్ట్ నార్మన్, అంతకుముందు ఓడల్లో పనిచేశాడు. 1581లో చిన్న పుస్తకం వేశాడు. అందులో ఒక ప్రయోగం ఉంది. అయస్కాంతీకరించిన సూదిని బెండుముక్కకి గుచ్చి, ఆ బెండుని కొద్దికొద్దిగా కోస్తూ, నీళ్ళలో పైకీ తేలకుండా కిందికీ మునగకుండా మధ్యలో నిలిచేలా సరిచేశాడు. ఇప్పుడు ఉత్తరాన కొండ నిజంగా లాగుతుంటే సూది ఆ వైపు జరగాలి కదా? జరగలేదు. ఉన్నచోటే తిరిగి, ఒక కొస కిందికి వంచి నిలబడింది, అంతే. అంటే ఏదీ లాగడం లేదు. దిక్కు మాత్రమే చూపిస్తోంది. ప్రొకోపియస్ తర్వాత 1000 ఏళ్ళకి ఇంకొకడు కొండని పరీక్షకి నిలబెట్టాడు, కొండ మళ్ళీ తప్పింది.

1600లో గిల్బర్ట్ అనే వైద్యుడు మిగతా పని పూర్తిచేశాడు. సూదంటురాయిని గుండ్రంగా చెక్కి దాని మీద చిన్న సూది నడిపి చూశాడు. నావికులు చెప్పిన లక్షణాలన్నీ ఆ గుండు మీద కనిపించాయి. కొండ ఎక్కడో లేదు, భూమే పెద్ద సూదంటురాయి అని తేల్చాడు. మేకులు పీకే కొండల కథని కూడా కట్టుకథల జాబితాలో పడేశాడు. నాకు ఇది ఎప్పుడు తలుచుకున్నా ఒళ్ళు పులకరిస్తుంది. వెతికిన కొండ మీదే మనం పుట్టాం, పెరిగాం, మేకులు కొట్టుకున్నాం. ఒక్క మేకూ ఊడలేదు. ఎందుకంటే మేకుని లాగాలంటే అయస్కాంత క్షేత్రం ఉంటే చాలదు, మేకుకి ఈ కొసకీ ఆ కొసకీ మధ్య ఆ క్షేత్రంలో తేడా ఉండాలి. అయస్కాంతం ఎంత పెద్దదైతే క్షేత్రం అంత విశాలంగా, నింపాదిగా మారుతుంది. జానెడు మేకుకి ఆ తేడా తెలిసే అవకాశమే లేదు. ఫ్రిజ్ మీద అంటించే చిన్న బిళ్ళ, తన ఒంటి మీద, భూమి కన్నా సుమారు వంద రెట్లు బలమైనది.

అన్నట్టు, నిజం ఇనప కొండ మనకి దగ్గరలోనే ఉంది, బస్తర్‌లో బైలదిల. 1960లలో వేసిన కిరండూల్ లైను మీద ఆ ఖనిజాన్ని రైళ్ళలో విశాఖకి తెచ్చి ఇనప ఓడల్లో పోస్తున్నాం. ఏ ఓడా గొణగడం లేదు. ఇక లేహ్ దగ్గర మాగ్నెటిక్ హిల్ సంగతి మన బైకు యాత్రికులకి చెప్పక్కర్లేదు. బండి న్యూట్రల్‌లో పెడితే ఎత్తుకి ఎక్కుతుందని బోర్డు కూడా పెట్టారు. అక్కడ అయస్కాంతం లేదు, ఏమీ లేదు. చుట్టూ ఉన్న కొండల వాలు వల్ల పల్లం మిట్టలా కనిపిస్తుంది. ప్లినీ ఉంటే ఎంత సంబరపడేవాడో!

మరి కుట్టు పడవలేమయ్యాయి? 1498 తర్వాత పోర్చుగీసువాళ్ళ ఓడలొచ్చాయి. ఓడ మీద ఫిరంగి పెట్టాలంటే బిర్రైన ఒళ్ళు కావాలి, మేకు కావాలి. మెల్లగా పెద్ద ఓడలన్నీ మేకుల్లోకి మారాయి. కుట్టు చిన్న పడవలకి మిగిలింది. హార్బర్లూ ఇంజన్లూ ఫైబర్ పడవలూ వచ్చాక అదీ పోతూ వచ్చింది. మధ్యమధ్యలో ఎవరో ఒకరు లేపుతున్నారు. 1980లో టిమ్ సెవెరిన్ ఒమన్‌లో కట్టించిన సోహార్ అనే కుట్టు ఓడ మస్కట్ నుంచి చైనా దాకా వెళ్ళింది. 2010లో జ్యుయల్ ఆఫ్ మస్కట్ సింగపూర్ చేరింది. 2025 మే నెలలో మన నౌకాదళం కార్వార్‌లో కౌండిన్య అనే ఓడని చేర్చుకుంది. అజంతాలోని ఓడ బొమ్మ చూసి డిజైను చేసి, కేరళ పనివాళ్ళ చేత పీచుతాడుతో కుట్టించారు. ఐ.ఐ.టి. ప్రొఫెసర్లు మోడల్ పరీక్షలు చెయ్యాల్సొచ్చింది, ఎందుకంటే ఆ ఓడకి పాత డ్రాయింగు ఒక్కటీ లేదు. 2000 ఏళ్ళపాటు కొండ గురించి రాసినవాళ్ళలో ఒక్కడు కుట్టు గురించి నాలుగు పేజీలు రాసి ఉంటే ఎంత బాగుండేది!

కొండ కోసం ఆఖరిగా వెళ్ళినవాడు జేమ్స్ క్లార్క్ రాస్. వాళ్ళ ఓడ ఉత్తర కెనడా మంచులో ఇరుక్కుపోయి ఉండగా, సూది నిలువుగా కిందికి వంగే చోటు వెతుక్కుంటూ నడిచాడు. 1831 జూన్ 1న సూది 89 డిగ్రీల 59 నిమిషాలు చూపించింది. అయస్కాంత ధ్రువం! చుట్టూ చూశాడు. లోతట్టుగా ఉన్న చదును తీరం, మైలు దూరంలో 50, 60 అడుగుల మిట్టలు. ఇంకేం లేదు. ఇంత గొప్ప శక్తికి కేంద్రమైన చోట ప్రకృతి ఒక గుర్తైనా పెట్టలేదే అని చిన్నబుచ్చుకుంటూ, సింద్‌బాద్ కథలో కొండలాంటిది ఉంటుందని మాలో ఎవరైనా వెర్రిగా ఆశపడి ఉంటే క్షమించేవాణ్ణి అని రాసుకున్నాడు. (కథ అజీబ్‌ది. పోనీలెండి, మంచులో అంత దూరం నడిచినవాణ్ణి తప్పుపట్టకూడదు.) కొండ లేదు కాబట్టి వాళ్ళే రాళ్ళు ఏరి గుట్టగా పేర్చి, జెండా పాతి వచ్చారు.

ఆ గుట్ట దగ్గర ధ్రువం నిలబడలేదు. 1904లో ఆముండ్‌సెన్ కొలిచేసరికి అప్పటికే జరిగిపోయింది. ఇప్పుడది కెనడా వదిలేసి సైబీరియా వైపు నడుస్తోంది. ఎంత వేగంగా అంటే, మన ఫోన్లలో దిక్సూచి సరిచేసుకునే ప్రపంచ అయస్కాంత నమూనాని అయిదేళ్ళకోసారి మార్చడం ఆనవాయితీ అయితే, 2015 నమూనా గడువు తీరకుండానే 2019 ఫిబ్రవరిలో మధ్యలో ఒక ప్యాచ్ విడుదల చెయ్యాల్సొచ్చింది. ప్రస్తుతం నడుస్తున్న వెర్షను 2024 డిసెంబరులో వచ్చింది. 2029 చివరిదాకా పనికొస్తుందని అంచనా.